సత్తిబాబు చూపించిన గణపతి

నవంబరు 2, ఆదివారం

గైడు పేరు సత్తిబాబు. నమ్మదగ్గ మొహం కాదు. నమ్మదగ్గ మొహం ఎలా ఉంటుందంటే చెప్పలేను గానీ, ఇది కాదు. సొంత ఆటో. దాని వెనక పసుపు పెయింటుతో "పురాతన దేవాలయములు చూపబడును", కింద ఫోన్ నంబరు. ఏ రాయి దగ్గర ఆపినా ఒకటే మాట — "రెండు వేల ఏళ్లండి మేడమ్‌గారూ." ఇరవై రెండేళ్లుగా ఇంటర్ పిల్లలకి హిస్టరీ చెబుతున్నదాన్ని. నాకు చెప్పొచ్చాడు!

అయినా... ఒప్పుకోవాలి. చివర్లో వాళ్ల ఊరు తీసుకెళ్లాడు. గుళ్లపాడు. కాలవ దాటాక కొబ్బరితోట, అందులో ఇటుక పునాది, పడిపోయిన స్తంభాలు నాలుగు, తల లేని నంది. తోట మూల ఎండుమట్టలు పక్కకి లాగి "ఇదిగోండి" అన్నాడు. గణపతి. నా మోకాలెత్తు. రెండే చేతులు. కిరీటం లేదు. తొండం సగానికి విరిగిపోయింది.

రెండు చేతులు, కిరీటం లేదు — అంటే ఎంత పాతదో! వేంగీ చాళుక్యుల తొలిరోజులో, ఇంకా ముందో. బయటికి మాత్రం "బావుందండి" అన్నాను, అంతే. సత్తిబాబు విగ్రహాన్ని చూడలేదు. నా మొహాన్నే చూస్తున్నాడు.

ఎవరికీ చెప్పను. ముందు నేను రాయాలి. వ్యాసం నా పేరు మీద అచ్చయ్యాక పురావస్తు శాఖకి తెలియజేస్తే సరి. వెయ్యేళ్లు ఆగిన స్వామి ఇంకో రెండు నెలలు ఆగలేడా?

నవంబరు 4

శాతవాహనుల పాఠంలో రెండుసార్లు గణపతి అన్నాను. ముందు బెంచీ నవ్వింది.

నవంబరు 9, ఆదివారం

మళ్లీ గుళ్లపాడు. దారిలో రెండు గుళ్లు చూపిస్తానన్నాడు, వద్దన్నాను. తిన్నగా తోటకే.

ఫొటోలు తీస్తుంటే వెనక నుంచి — "పక్కన స్కేలు పెట్టి తీయండి మేడమ్‌గారూ. నాలుగు పక్కలా తీయండి. వీపు కూడానండి." ఆటో నడిపేవాడికి స్కేలు సంగతి ఎవరు చెప్పారు? అడిగితే "ఎవరో పెద్దోళ్లు తీస్తుంటే చూశానండి" అన్నాడు. ఎవరా పెద్దోళ్లు? "గుర్తులేదండి." ఆటో నంబరు దగ్గర్నుంచి అత్తగారి తద్దినం దాకా అన్నీ గుర్తుండే మనిషికి అదొక్కటే గుర్తులేదట.

ఆ తర్వాత — "ఎంత బరువుంటుందంటారు?"

నేను నోటుబుక్కులో రాసుకుంటుంటే దూరంగా వెళ్లి ఫోన్ మాట్లాడాడు. గాలి ఇటే వీస్తోంది. "ఇద్దరు సరిపోతారండి... ఆయ్... ఆటోలో పట్టేస్తదండి." నన్ను చూసి గొంతు తగ్గించాడు.

దింపేటప్పుడు, ఎంతో వినయంగా — "ఆ ఫొటోలు నాకోసారి వాట్సాప్ పెట్టండి. మా ఊరి స్వామి కదండి." పెట్టాను! కాదనడానికి నోరు రాలేదు. గారూ అండీ అంటే చాలు, కరిగిపోతాను. నా బుద్ధిని చెప్పు తీసుకుని కొట్టాలి. నాలుగు పక్కలా, స్కేలుతో సహా, కొనేవాడికి చూపించడానికి కేటలాగు తయారుచేసి ఇచ్చాను.

నవంబరు 10

కాకినాడ నుంచి అక్కయ్య ఫోన్. అంతా చెప్పాను. "నీకు పాలవాడి మీద అనుమానం, పనిమనిషి మీద అనుమానం, మీ బావగారు పంపిన కాజాల పెట్టె కూడా లెక్క పెట్టుకున్నావ్. పాపం ఆ గైడేం చేశాడే?" అంది. కాజాలు రెండు తక్కువ వచ్చిన మాట నిజం.

నవంబరు 16, ఆదివారం

ఈవారం గుళ్లపాడు వద్దన్నాడు సత్తిబాబు. దారిలో కోత మిషను అడ్డం ఉందట. నేను పట్టుబడితే మాట మార్చాడు. "ఊళ్లో మీటింగులవుతున్నాయండి. మీరిప్పుడు కనబడకపోతేనే మంచిదండి." నేను కనబడకపోతే ఎవరికి మంచిది?

పిఠాపురం తీసుకెళ్లాడు. కార్తీకమాసం జనం, కుక్కుటేశ్వరుడి దర్శనానికి రెండు గంటలు. అక్కడ కూడా "రెండు వేల ఏళ్లండి" అన్నాడు గానీ మనసు మాటలో లేదు. ఫోన్ మోగినప్పుడల్లా ఉలిక్కిపడ్డాడు. గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకోవడం ఈయన్ని చూసే పుట్టి ఉంటుంది.

నవంబరు 18, మంగళవారం

సెలవు పెట్టాను. సత్తిబాబుకి చెప్పకుండా బస్సు, ఆ తర్వాత వేరే ఆటో.

గణపతి లేడు.

ఆ చోట గుంట. తడిమట్టి. కొబ్బరితాడు పీచు. ఏడుపొచ్చింది. కోపమూ వచ్చింది. కోపమే ఎక్కువ.

తోటలో మట్టలు ఏరుకుంటున్న ముసలావిడని అడిగాను. "మన సత్తిబాబేనమ్మా. ఆదివారం తెల్లారగట్ట ఆటోలో యేసుకెళ్లాడు. గోనె కప్పాడులే." నాకు పిఠాపురం చూపించిన రోజే! పొద్దున్న దొంగతనం, పదింటికి దైవదర్శనం.

తిన్నగా వాళ్లింటికి వెళ్లాను. అతను లేడు. భార్య ఉంది, నెమ్మదైన మనిషి, కుర్చీ వేసింది, కాఫీ పెట్టింది. ముందు గదిలో కొత్త ధాన్యం రాశి పోసి ఉంది. ఇంకా బస్తాలకెత్తలేదు. నేను మాట్లాడుతున్నంతసేపూ ఆవిడ ఆ రాశికి అడ్డంగానే నిలబడింది. పక్కకి ఒరిగి చూశాను. రాశి మీద కుంకుమ, ఒక మందారం. కొత్త ధాన్యం, మహాలక్ష్మి, పువ్వు పెట్టుకున్నారు అనుకున్నాను. బస్సెక్కాక వెలిగింది. మందారం! ఎర్రపువ్వు ఎవరికి పెడతారు? ధాన్యంలో ఉన్నాడు స్వామి.

బస్సులోంచే ఫోన్ చేశాను. ఊరి మొదట్లో బ్యానరు ఉంది — ఆలయ జీర్ణోద్ధరణ కమిటీ, ప్రెసిడెంటు సూర్రావు గారు, నంబరుతో సహా. అంతా చెప్పాను. ధాన్యం సంగతి కూడా. "ఎంత మాట చెప్పారండి మేడమ్‌గారూ! మేం ఊరంతా వెతుకుతున్నామండి" అన్నారాయన.

నవంబరు 19

దొరికింది!! సూర్రావు గారే ఫోన్ చేశారు. "మీరన్నట్టే ధాన్యంలోనేనండి. తువ్వాల చుట్టి పెట్టాడు." అక్కయ్యకి ఫోన్ చేసి మరీ చెప్పాను. పాపం గైడట.

మధ్యాహ్నం సత్తిబాబు నుంచి మెసేజ్. ఒకటే ముక్క. "ఎంత పని చేశారండి."

నవంబరు 21, శుక్రవారం

సత్తిబాబు కాలేజీకి వచ్చాడు. గేటు దగ్గరే నిలబడ్డాడు, లోపలికి రానన్నాడు. దెబ్బలాడటానికి వచ్చాడనుకుని వాచ్‌మన్‌ని పక్కనే ఉండమన్నాను. అతను దెబ్బలాడలేదు. దానికే ఇంకా చిరాకేసింది.

"తొండం విరిగిన విగ్రహం ఊళ్లో ఉంటే అరిష్టమని ఎవరో చెప్పారండి కమిటీకి. కొత్త గుడి కడుతున్నారు కదండి, కొత్త విగ్రహం వస్తోంది. పాతదాన్ని గోదాట్లో కలిపేద్దామని మీటింగులో తీర్మానం చేసేశారు. అందుకేనండి తీసేసింది."

ధాన్యంలో ఎందుకు పెట్టావన్నాను.

"ప్రతిష్ఠకి ముందు విగ్రహాన్ని ధాన్యంలో ఉంచుతారు కదండి. అలాగైతే అపచారం ఉండదని మా ఆవిడంది. రోజూ దీపం పెట్టింది."

నాకెందుకు చెప్పలేదు?

"మీరు నన్ను నమ్మితే కదండి."

స్కేలు? ఫొటోలు? పురావస్తు శాఖకి పంపుదామనుకున్నాడట. పంపావా? "ఉత్తరం రాయడం రాదండి. మీచేతే రాయిద్దామనుకున్నా." మరి ఆ ఫోను — ఇద్దరు సరిపోతారు, ఆటోలో పట్టేస్తుంది — అదేంటి? సత్తిబాబు నేల చూశాడు. "మా బావమరిదండి. సాయానికి." వారం ముందే? మీటింగు అవ్వకముందే? "అనుకుంటున్నారని తెలిసిందండి."

అన్నిటికీ జవాబుంది. అన్నిటికీ జవాబున్న మనిషంటే నాకు భయం. కానీ ఒకటి — నిమజ్జనం ఎల్లుండి ఆదివారమే.

నవంబరు 22, శనివారం

పొద్దున్నే గుళ్లపాడు. సూర్రావు గారి కాళ్లా వేళ్లా పడ్డాను. అది ఎంత పాతదో, రెండు చేతులంటే ఏమిటో, బోర్డు మీద గీసినట్టు గీసి చెప్పాను. ఆయన శ్రద్ధగా విన్నారు. టిఫిన్ పెట్టించారు. "వినాయకుడే కదండీ మేడమ్‌గారూ. ఏటా నీళ్లల్లోకి వెళ్లే స్వామే. ఈయనకి వెయ్యేళ్లు ఆలస్యమైంది, అంతే." చుట్టూ ఉన్నవాళ్లు నవ్వారు. మంచి మనుషులు. ఒక్కరి మొహంలోనూ పాపం లేదు. ఎవర్ని తిట్టను?

దొరికింది మీ వల్లే కాబట్టి రేపు ముందు వరసలో మీరే ఉండాలన్నారు.

పురావస్తు శాఖకి ఫోన్ చేస్తే ఎవరూ ఎత్తలేదు, శనివారం కదా. ఈమెయిల్ పంపాను. ఫొటోలు, కొలతలు, స్కేలు, అన్నీ. పది నిమిషాలు పట్టింది. పది నిమిషాలు! ఈ పని నవంబరు రెండున చేసి ఉంటే... వినాయకుణ్ణి చెయ్యబోతే కోతి అయిందంటారు. నేను చెయ్యబోయింది నా పేరు.

నవంబరు 23, ఆదివారం

బ్యాండుమేళం. పసుపునీళ్లు, హారతి, ఆడపిల్లల కోలాటం. విగ్రహానికి కొత్త పంచె కట్టారు. ఎంత బావున్నాడో. నాకు శాలువా కప్పారు. "మేడమ్‌గారు లేకపోతే మన స్వామి దొంగలపాలైపోయేవాడు" అని మైకులో సూర్రావు గారు. చప్పట్లు. సత్తిబాబు రేవు పక్కన ఆటోలో కూర్చుని ఉన్నాడు, ఎవరూ పలకరించడం లేదు. భార్య రాలేదు.

పడవలో గౌతమీ గోదావరి మధ్యకి తీసుకెళ్లారు. నలుగురు ఎత్తారు. అపచారం జరగకూడదని మెల్లిగా, చంటిపిల్లని దించినట్టు దించారు. చప్పుడు కూడా కాలేదు.

అప్పుడు సత్తిబాబు వైపు చూశాను. ఏడుస్తున్నాడో, ఎక్కడ దించారో గుర్తుపెట్టుకుంటున్నాడో... ఇంత జరిగాక కూడా నాకు వచ్చిన ఆలోచన అది. ఛీ.

నవంబరు 25

ఈమెయిల్‌కి జవాబు వచ్చింది. చాలా ముఖ్యమైనదట. వచ్చే వారం చూడటానికి వస్తారట. అప్పటిదాకా విగ్రహాన్ని కదిలించవద్దన్నారు.

నవంబరు 26

ఏమని రాయను వాళ్లకి? కూర్చున్నాను, లేచాను. రాయలేదు.

నవంబరు 28

అక్కయ్య ఫోన్. ఎత్తలేదు.

నవంబరు 30, ఆదివారం

ఉండబట్టలేక రేవుకి వెళ్లాను. వచ్చేవాళ్లకి కనీసం చోటు చూపించాలి కదా. నీళ్లు తగ్గాక తీయొచ్చేమో. ఆ రోజు పడవ నడిపిన పోలయ్య అక్కడే ఉన్నాడు, వల బాగుచేసుకుంటున్నాడు.

స్వామిని ఎక్కడ దించారో గుర్తుందా అన్నాను. లోతెంత ఉంటుందన్నాను.

పోలయ్య వల పక్కన పెట్టాడు. "గురువారం సత్తిబాబూ ఇదే అడిగాడండి. లోతెంత, అడుగున ఇసకా బురదా, ఇద్దరు దిగితే తాడు కట్టొచ్చా అని."

నువ్వేం చెప్పావు?

"ఎందుకురా అన్నానండి. స్వామి చలిలో ఉన్నాడు కదా అన్నాడు. నవ్వేసి ఎల్లిపోయాడు."

ఆ మాట పిచ్చిప్రేమా, పచ్చిదొంగతనమా? రెండూ ఒకే గొంతుతో అనొచ్చు. అడిగాను, ఆ నవ్వు ఎలా ఉందని. పోలయ్య నన్ను కింద నుంచి పైకి చూశాడు. చేతిలో నోటుబుక్కు చూశాడు, మెడలో కెమేరా చూశాడు.

"మరి మీకెందుకండి?"

కాలేజీలో పిల్లలకి చెప్పడానికి అన్నాను. అబద్ధం నోటికి ఎంత తేలిగ్గా వచ్చిందో!

"ఆయ్" అన్నాడు. నమ్మలేదు. నేను గట్టెక్కేదాకా పడవ మోకు మీద చెయ్యి తియ్యలేదు.

బస్టాపులో ఫోన్ తీశాను. సూర్రావు గారి నంబరు, దాని కిందే సత్తిబాబు నంబరు. సత్తిబాబు, బావమరిది నదిలోకి దిగకముందే ఎవరో ఒకరికి చెయ్యాలి. సూర్రావు గారికి చెబితే కాపలా పెడతారు, స్వామి అక్కడే ఉండిపోతాడు. సత్తిబాబుకి చేస్తే, స్వామిని పైకి తీసేటప్పుడు నేను కూడా వస్తానని చెప్పాలి.

రెండు బస్సులు వెళ్లిపోయాయి...