అమ్మ ఏడ్చిందా?

సికింద్రాబాద్

నూకరత్నమక్కకు, నేను బాగానే ఉన్నాను, బెంగపడకు.

పేదింటి ఆడవాళ్లను తెరమీద ఊరికే ఏడిపిస్తారని ఇరవయ్యేళ్లు సినిమావాళ్లను పత్రికల్లో ఉతికాను కదా! ఇప్పుడు నా సినిమాలో నేనూ అదే చేశాను. నాన్న పనిచేసే మిల్లు మూసేసిన రోజు అమ్మ కుమిలి కుమిలి ఏడ్చినట్టు రాశాను. అమ్మ వేషం వేస్తున్న బాలమణి మోండా మార్కెట్‌లో కూరగాయలమ్ముతుంది. ఏడవనని మొండికేసింది.

"గిట్ల ఏడ్సుకుంట కూసుంటే పిల్లలకు బువ్వ ఎవలు పెడ్తరు సారూ?" అంది.

గంటసేపు వాదించి ఓడిపోయాను. షూటింగు ఆపేశాను.

బావ మోకాలినొప్పి తగ్గిందా?

మిల్లు మూసేసిన ఆ రోజు నేను ఉయ్యాల్లో ఉన్నాను, నీకు పదేళ్లు. అమ్మ ఏం చేసిందో ఉన్నదున్నట్టు రాయి. అదే తీస్తాను. ఫోన్లో అడిగితే నువ్వు ఏడుస్తావని కార్డు రాస్తున్నాను. చూశావా, నా బుద్ధి!

బావకు నమస్కారాలు.

నీ తమ్ముడు
సూరి