తలుపు తీసిన ముసలామె

అల్ ఖోబర్,
శుక్రవారం మధ్యాహ్నం.

బాపూ,

నీ చిన్న బిడ్డ నీనా నమస్కారాలు. నేనిక్కడ బాగానే ఉన్నాను. మీరంతా అక్కడ బాగున్నారని తలుస్తాను అని రాయడం పద్ధతి. రాయను, ఎందుకంటే బాగా లేరని తెలుసు. అమ్మ ఆపరేషన్ కుట్లు మానాయా? జావ తాగుతోందా, లేక నీకు వండిపెట్టడానికి అప్పుడే పొయ్యి దగ్గరికి చేరిందా? ఇవన్నీ ఫోనులో అడగొచ్చు. అడిగితే "అంత మంచిగనే ఉంది" అని ఫోను అమ్మ చేతిలో పెడతావు. అక్క పేరెత్తితే "సిగ్నల్ లేదు" అంటావు. నీ సిగ్నల్ ఎప్పుడూ అక్క పేరు దగ్గరే పోతుంది. అందుకే కాగితం మీద రాస్తున్నాను. మా బడిలో ఏసీలు బాగుచేసే రాజన్న పెద్దపల్లి మనిషి, సెలవుకు వస్తున్నాడు. ఉత్తరం నీ చేతికే ఇమ్మన్నాను. చదివినంతసేపు అక్కడే కూర్చోమని కూడా చెప్పాను. అతనికి చాయ్ పొయ్యి.

ముందు ఇక్కడి సంగతులు. కోపం తరువాత. తొమ్మిదీ పదీ తరగతుల ఆడపిల్లలకు ఇంగ్లీషు చెప్తున్నాను. పిల్లలు తెలివైనవాళ్లు, గోల ఎక్కువ. ఆగస్టులో విమానం దిగి బయటికి రాగానే కళ్లద్దాలకు ఆవిరి పట్టి ఏమీ కనిపించలేదని చెప్పాను గుర్తుందా, ఇప్పుడు అది లేదు, దుమ్ముగాలి మొదలైంది. అన్నం తింటున్నాను. చేప తింటున్నాను. చిక్కిపోలేదని అమ్మకు చెప్పు. నువ్వు పెట్టిన పేరుతో మాత్రం ఇక్కడ కూడా తిప్పలే. ఈ దేశంలో ఉండనిచ్చే ఇకామా కార్డు పనిమీద ఆఫీసుకు పోతే కిటికీ వెనక అమ్మాయి నా పేరు చూసి, నల్లటి నా మొహం చూసి, "రూసియా?" అంది. "గోదావరిఖని" అన్నాను. అదెక్కడుందని అడగలేదు. అడిగితే చెప్పేదాన్నే, అది రష్యాలో ఒక భాగమని మా బాపు నమ్ముతాడని.

ఉండేది ఇంకో టీచరుతో కలిసి రెండు గదుల ఇంట్లో. నుస్రత్ అని, బోధన్ పిల్ల, లెక్కలు చెప్తుంది, మాట్లాడేది మన తెలుగే. ఆమె ఉంది గనుక ఒంటరిగా లేను. శుక్రవారాలు మాత్రం గడవవు. బస్సు రాదు, బడి ఉండదు, ఎటైనా పోవాలని కాళ్లు పీకుతుంటాయి. పోయిన నెల అలాంటి ఒక శుక్రవారం సాయంత్రం సముద్రం ఒడ్డు దాకా పోయి, అక్కడి పుస్తకాల దుకాణంలో దూరాను. ఇంగ్లీషు అరలో, నువ్వు మాకు తెలుగులో చదివి వినిపించిన మన రష్యా జమీందారు నవల కనిపించింది.

దాన్ని చూసి ఏడ్చాను, నిజం. బొగ్గు బాయి నుంచి వచ్చి స్నానం చేసి, నువ్వు ఆ లావు పుస్తకం తీసేవాడివి. చాట ఒళ్లో పెట్టుకుని బీడీలు చుడుతూ అమ్మ "ఇయ్యాల ఏ గడ్డమాయనది?" అనేది. రష్యా రచయితలందరికీ గడ్డాలే, ఆమెకు అందరూ ఒకటే. అక్కా నేనూ తునికాకు కత్తిరిస్తూ వినేవాళ్లం. గుర్రం కుంటిదైందన్న కోపంలో జమీందారు బండివాడి కొడుకును సైన్యానికి రాసిచ్చేస్తాడు. సైన్యమంటే ఆ కాలంలో ఇరవై అయిదేళ్లు, పోయినవాడు పోయినట్టే, అందుకే ఊరంతా బతికున్న పిల్లవాడి చుట్టూ శవానికి ఏడ్చినట్టు ఏడుస్తుంది. అక్కడికి వచ్చేసరికి అమ్మ చేతిలో బీడీ ఆగిపోయేది. నువ్వు పుస్తకం మీద వేలు పెట్టి మాకు చరిత్ర చెప్పేవాడివి. రైతుల్ని భూమితోపాటు అమ్మేవాళ్లని, దస్తరాల్లో మనుషులని రాయక ఆత్మలని లెక్కపెట్టేవాళ్లని, జార్ చక్రవర్తి హుకుంను చర్చి గురువులే గుళ్లో చదివి వినిపించేవాళ్లని. అందులో ఏదీ అబద్ధం కాదు. ఇప్పుడు నేను అదంతా మళ్లీ చదివాను, ఏదీ అబద్ధం కాదు. అదే నా కోపం.

చివర గుర్తుందా? నీకెందుకు గుర్తుండదు, చేసింది నువ్వే. జమీందారు ముసలివాడై, మంచులో నడుచుకుంటూ బండివాడి పెళ్లాం గుడిసెకు వస్తాడు. "తలుపు కొట్టిండు. ముసలామె తియ్యలే. కొట్టిండు, కొట్టిండు. తియ్యలే. అయిపోయింది," అని పుస్తకం టప్పున మూసేవాడివి. నేను చప్పట్లు కొట్టేదాన్ని. ఎన్నిసార్లు చదివినా కొట్టేదాన్ని.

బాపూ, ముసలామె తలుపు తీస్తుంది. మొదటిసారి కొట్టగానే తీస్తుంది.

ఆ రోజు వాళ్ల పెద్ద ఉపవాసాలకు ముందటి ఆదివారం. ఆ రోజు రష్యాలో అందరూ అందరినీ క్షమాపణ అడగాలి, యజమాని పనివాళ్లను, తండ్రి పిల్లలను. జమీందారు గుమ్మంలోనే మోకాళ్లమీద పడి నుదురు నేలకు ఆనించి, నన్ను క్షమించు అంటాడు. ముసలామె చాలాసేపు ఏమీ అనదు. ఆ చాలాసేపు రచయిత ఎంత బాగా రాశాడనుకున్నావు, ఆమె చేతిలో గరిటె నుంచి జావ నేలమీద కారుతుంటుంది. తరువాత, దేవుడు క్షమిస్తాడు, నేనూ క్షమించాను అంటుంది. ఇన్నేళ్లూ నిన్ను శపించాను, నన్నూ క్షమించు అని తనూ వంగుతుంది. లేచి, చలి లోపలికొస్తోంది తలుపెయ్యి అంటుంది. ఆ తరువాత ఇంకా రెండు అధ్యాయాలున్నాయి! నేను ఎన్నడూ వినని రెండు అధ్యాయాలు.

మాస్కోలో కూర్చుని ఆ పుస్తకాన్ని తెలుగు చేసినవాళ్లను తిట్టుకున్నాను, దేవుడున్న పేజీలు వాళ్లే కోసేశారని. మంచిర్యాలకు, అక్కకు ఫోన్ చేసి అదే చెప్పాను. అక్క నవ్వింది.

"వాళ్లేం కొయ్యలే. మనింట్ల పుస్తకంల అన్నీ ఉన్నయి. బాపు పేజీలు తిప్పేసేటోడు."

"నీకెప్పుడు తెలుసు?"

"నేను తొమ్మిదో తరగతిల ఉన్నప్పుడే. ఆయన పొద్దటి షిఫ్టుకు పోంగనే తీసి చదివిన. అన్ని పుస్తకాలు గట్లనే చదివిన, ఆయన తిప్పేసినకాడల్ల."

"మరి నాకెందుకు చెప్పలేదే?"

"ముసలామె తలుపు తియ్యలేదని నువ్వు చప్పట్లు కొడ్తుంటివి. నీ సంబురం ఎందుకు చెడగొట్టాలె అనుకున్న." మళ్లీ తనే అంది. "నన్ను పాస్టరు చెడగొట్టిండని బాపు ఊరంత చెప్పిండు గదనే. పాస్టరు నాకు ఎరుకైందే నాలుగేండ్ల కింద. నన్ను చర్చికి తోలింది బాపు పుస్తకాల అలమారనే."

విన్నావా? నువ్వు నాలుగేళ్లుగా ఎవరెవరినో తిడుతున్నావు. అక్క మొగుణ్ణి తిట్టావు, వాళ్ల పాస్టరును తిట్టావు, అమెరికా డబ్బన్నావు, బిడ్డ అమ్ముడుపోయిందన్నావు. గుమ్మం తొక్కొద్దన్నావు. అది అమ్ముడుపోలేదు. నువ్వు కొన్న పుస్తకాలు నీకంటే బాగా చదివింది, అంతే. ఇప్పటికీ దాని పేరు అరుణే. నువ్వు పెట్టిన ఎర్రటి పేరుతోనే బాప్తిస్మం తీసుకుంది, మార్చుకొమ్మంటే ఒప్పుకోలేదట. అది నీకెవరైనా చెప్పారా?

ఇంకా చెప్తాను. ఆ గడ్డమాయనల్లో ఒకాయన్ను జార్ సైబీరియా జైల్లో వేశాడని ఎన్నిసార్లు చెప్పావు! ఆ జైల్లో ఆయన దగ్గర ఉంచుకోనిచ్చింది ఒక్క బైబిలు పుస్తకమని చెప్పావా? ఇంకొకాయన్ను చర్చి వెలివేసిందని చెప్పేటప్పుడు నీ మొహం వెలిగిపోయేది. వెలివేసిన తరువాత కూడా ఆయన దేవుణ్ణి వదల్లేదని చెప్పావా? జైలు చెప్పావు, వెలి చెప్పావు. సగం మనుషుల్ని తెచ్చి మా ముందు కూర్చోబెట్టావు. నీకు నమ్మకం లేకపోతే లేదు, నాకూ లేదు. నమ్మకం లేనివాడు ఆ పేజీ చదివి, ఇది నేను నమ్మను అనొచ్చు కదా. మా ముందు అనొచ్చు కదా. మేం పెరిగి పెద్దయి నీతో వాదించేవాళ్లం. మా వాదన కూడా నువ్వే తిప్పేశావు.

నమ్మకం లేదంటావు, మన ముందు గదిలో ఆ మూలన మీ పార్టీ పెద్దాయన ఫోటోకు దండ మార్చకుండా చాయ్ తాగవు. రష్యావాళ్ల ఇళ్లల్లో దేవుడి పటాలు పెట్టుకునే మూల కూడా సరిగ్గా అలాగే ఉండేదట. గుమ్మంలోకి రాగానే ఎదురుగా.

ఇక మొన్నటి సంగతి. షబే బరాత్ సాయంత్రం నుస్రత్ తలమీద దుపట్టా వేసుకుని, ఫోను పట్టుకుని కూర్చుంది. రంజాన్ వచ్చేముందు వాళ్లలో అందరినీ మాఫీ అడుగుతారు. తల్లికి చేసింది, వదినకు చేసింది, చివరికి పెళ్లి దగ్గర గొడవపడి రెండేళ్లుగా మాట్లాడని తమ్ముడికి చేసింది. "కహా సునా మాఫ్ కర్దే రే," అంది. నేను అన్నదీ నువ్వు విన్నదీ మాఫ్ చెయ్యి అని అర్థం. అటునుంచి వాడు బోరుమన్నాడు. నాకు గోడ అవతలికి కూడా వినిపించింది. కళ్లు తుడుచుకుని నా గదిలోకి వచ్చింది.

"నీనా, కహా సునా మాఫ్. మొన్న నీ దోసపిండి పారబోసింది నేనే. పిల్లి కాదు."

"మనింట్లో పిల్లే లేదు కదా నుస్రత్."

"గందుకే చెప్తున్న. ఇప్పుడు నువ్వనాలె."

"ఏమని?"

"ఏమనా? ఏమే కామ్రేడ్ బిడ్డా, మీ బాపు నీకు ఇన్ని పుస్తకాలు చదివిచ్చిండు, మాఫీ అడుగుడు నేర్పలేదా?"

నవ్వుతూనే అంది. నేర్పలేదు బాపూ. ఆ పేజీ వచ్చేసరికి పుస్తకం మూసేశావు.

దవాఖాన సంగతి నాకు తెలియదనుకోకు. అమ్మే చెప్పింది, నువ్వు బయటికి పోయినప్పుడు, గొంతు తగ్గించి. ఆపరేషన్ అయిన మర్నాడు అక్క మంచిర్యాల నుంచి పొద్దున్నే బస్సెక్కి టిఫిన్ గిన్నెలో జావ తెచ్చింది. వార్డు తలుపుకు అడ్డంగా నిలబడి "ఇది దవాఖాన, నీ ప్రార్థన మందిరం కాదు. నడువ్," అన్నావు. అది ప్రార్థన చెయ్యడానికి రాలేదు, తల్లికి జావ పొయ్యడానికి వచ్చింది. గిన్నె మూత కూడా తియ్యకుండా తీసుకుపోయింది. అమ్మ కళ్లు మూసుకుని పడుకున్నట్టు నటించిందట. ఆమెకు అప్పుడు నొప్పి కుట్ల దగ్గర కాదట. అది విన్న రోజు క్లాసులో పిల్లల మీద అరిచాను, ఏ తప్పూ చెయ్యని పిల్లల మీద.

ఆ తలుపు దగ్గర నిలబడి నువ్వు ఆ ముసలామెవనుకున్నావు కదూ? అన్యాయమైపోయినవాణ్ణి, తలుపు తియ్యను, ఎన్నిసార్లు కొట్టినా తియ్యను అని. నువ్వు ముసలామెవి కాదు. నువ్వు జమీందారువి. కోపంలో కన్నబిడ్డను లెక్కలోంచి కొట్టేశావు. జీవితమంతా జమీందార్లతో కొట్లాడి, జెండా మోసి, లాఠీ దెబ్బలు తిని, చివరికి నీ ఇంటి గుమ్మం దగ్గర ఆ పని చేశావు. కథలో మంచులో నడవాల్సింది నువ్వు.

జూలైలో సెలవులు. వచ్చి మళ్లీ తిరిగి రావడానికి ఎగ్జిట్ రీఎంట్రీ వీసాకు అర్జీ పెట్టాను. మంచిర్యాల పోయే రైలు మన స్టేషన్ రామగుండం మీదుగానే పోతుంది. అక్క మన ఇంట్లో అడుగు పెట్టి ఉంటే రామగుండంలో దిగుతాను. లేకపోతే దిగను, మంచిర్యాల దాకా టికెట్ తీసుకుంటాను. ఇది బెదిరింపు అనుకో. సమ్మె నోటీసు అనుకో, అది నీకు బాగా తెలిసిన భాష.

దేవుడి పేరెత్తమని నిన్ను అడగడం లేదు. ఆ ఆదివారం మాట ఇంకోసారి చూడు. దేవుడున్నది జవాబులో, అది అక్క చెప్తుంది, దానికి వచ్చు. అడిగే మాటలో దేవుడు లేడు. నన్ను క్షమించు, అంతే. అది నువ్వు అనొచ్చు, పార్టీ ఏమీ అనుకోదు. మోకాళ్లు బాయిలోనే పోయాయి గనుక వంగక్కర్లేదు కూడా. తలుపు తీసి, నిలబడి అను.

రాజన్న తిరిగొచ్చేటప్పుడు అమ్మ చేత్తో కొంచెం మామిడికాయ తొక్కు పంపించు, అమ్మ లేవగలిగితేనే. వీధి చివర పెద్దమ్మకు, యూనియన్ ఆఫీసు కాకకు నా దండాలు చెప్పు. నేను బాగానే ఉన్నాను, నా గురించి బెంగపడకండి. ఆశీర్వాదం మాత్రం ఈసారి నాకొద్దు. నా వంతు అక్కకు ఇవ్వు, ఎదురుగా నిలబెట్టుకుని.

ఇట్లు,
చప్పట్లు కొట్టడం మానేసిన నీ చిన్న బిడ్డ
నీనా