గవాక్షి కింద వెలుగు

ఆదివారం, ప్రొద్దుటూరు

ఒళ్లు అలిసిపోయింది. కోపం మాత్రం నిద్రపోవడం లేదు.

నా స్నేహితుడు ఖాజా వాళ్ల ఊరు రిజర్వాయర్లో మునిగిపోయింది. ఆ ఊరిని ఇద్దరం ఒక పాత కంప్యూటర్ గేములో కట్టాం. రేపు కొండాపురం దగ్గర పునరావాస కాలనీ మీటింగులో చూపించాలి. పాత గేముల్లో వెలుగు అంతటా ఒకేలా, సున్నం కొట్టినట్టు ఉంటుంది. అందుకే సాయంత్రం, నిజం ఎండలా వెలుగునీడలు చూపే రే ట్రేసింగ్ షేడర్ మోడ్ వేశాను. ఇక ఎండ పడిన చోటే వెలుగు. వీధులు మెరిశాయి. గేములో కట్టిన ఖాజా వాళ్లింట్లో మాత్రం చిమ్మచీకటి. మిద్దెకప్పులోని గవాక్షి నుంచి చాపంత వెలుగు, అంతే.

“ఏందిరా ఈ చీకటి! నాలుగు కిటికీలు పెట్టు” అని అరిచాను. ‘వెలుగు నిండిన ఇళ్లను ముంచారు’ అని రేపటి మీటింగు కరపత్రంలో రాసింది నేనే మరి.

“పెడితే అది మా ఇల్లు గాదు, మీ మామ బంగళా అయితాదిలేప్పా” అన్నాడు ఖాజా.

టీ తెచ్చిన వాళ్లమ్మ తెర ముందే నిలబడిపోయింది. “ఏమిటికి నాయనా అరుస్తాండావు? మా ఇల్లు ఇట్లే కదా ఉన్నింది. ఆ వెలుగు పడే కాడ కూచొనే బియ్యం ఏరుతాంటి.”

గేములో పొద్దు జరిగి, వెలుగు గోడెక్కబోయింది.

“రోంత సేపు నిలుపు నాయనా.”

నిలిపాను. పాత కంప్యూటర్ ఫ్యాను రొద పెడుతున్నా ఎవరమూ కట్టెయ్యలేదు.

కిటికీలు పెట్టలేదు. కరపత్రాలు మాత్రం అచ్చయిపోయాయి. ‘వెలుగు నిండిన’ అన్న మాటను ఒక్కొక్కదానిలో కొట్టేస్తున్నాను. బదులుగా ఏం రాయాలో ఇంకా తోచలేదు...

‘ఇళ్లను ముంచారు.’ ఇంతే చాలేమో.