మొదటి హేలీ

థార్న్‌క్లఫ్, యార్క్‌షైర్
9 నవంబరు 2008, ఆదివారం

చిరంజీవి హేలీకి నాన్న దీవెనలు.

ఈ ఉత్తరం రాయకుండా ఊరుకుందామనే అనుకున్నాను. కాగితం తియ్యడం, పైన తేదీ వెయ్యడం, మళ్ళీ సొరుగులో పెట్టెయ్యడం ఇప్పటికి రెండు ఆదివారాలు అయింది. అందరం క్షేమం అని మొదలుపెట్టడం మనకి అలవాటు కదా, కలం ఆ ముక్క దగ్గరే ఆగిపోతోంది. మోకాలు తప్పిస్తే నేను క్షేమమే. మీ అమ్మ క్షేమంగా లేదు. గుండె అలిసిపోయింది, ఊపిరితిత్తుల్లో నీరు చేరుతోంది. తల మాత్రం కత్తిలా పనిచేస్తోంది. మొన్న నర్సింగ్ హోమ్ వంటమనిషిని మంచం దగ్గరికి పిలిపించుకుని, "ఇది టీ కాదమ్మా, టీ ఆకు పక్కన కాసేపు కూర్చున్న నీళ్ళు" అని చెప్పింది. డాక్టర్ని క్రిస్మస్ దాకా ఉంటుందా అని అడిగితే కిటికీలోంచి బయటికి చూస్తాడు.

నీ ఉత్తరంలో మూడు సంగతులు అడిగావు. బంగాళాదుంపలకి తెగులు తగిలింది, సగం తవ్వి పారబోశాను. ఒకటో ప్రశ్న అయింది.

రెండోది నీ పేరు. వెల్లింగ్టన్‌లో మీ ఆఫీసులో కొత్తగా చేరిన పిల్ల, "హేలీయా? ఇప్పుడెవరు పెడుతున్నారండీ, ఆంటీల పేరు కదా" అందన్నావు. దానికి అసలు అర్థమనేది ఉందా, ఎక్కడిదా పేరు అని అడిగావు. ముప్పై ఏళ్ళు సిగ్నల్ కేబిన్‌లో రెండు రైళ్ళ మధ్య లైబ్రరీ పుస్తకాలు చదివి బాగుపడినవాణ్ణి కనక, నన్నడగడం న్యాయమే. లైబ్రరీకి వెళ్ళి చూశాను. అడవి కొట్టి, ఆ జాగాలో గడ్డి పెంచి, ఎండబెట్టి, చలికాలానికి పశువులకి దాచుకునే బయలు. అంతే. ఎండుగడ్డి బయలు. ముందు అది పొలం పేరు. తర్వాత ఆ పొలం పక్కన కాపురమున్నవాళ్ళ ఇంటిపేరు. కొన్ని వందల ఏళ్ళు అలా కొడవళ్ళు పట్టుకున్న మగవాళ్ళ ఇంటిపేరుగానే పడి ఉంది. ఆడపిల్లకి పెట్టవచ్చని ఎవడికీ తోచలేదు. మా నాన్న హయాంలో ఎవరైనా పెట్టబోతే, "ఇంటిపేరు తర్వాత, ముందు పిల్ల పేరు చెప్పవయ్యా" అనేవాడు పాదిరీ.

ఆ తర్వాత సినిమాల్లోకి బంగారు జుట్టు చిన్నపిల్ల ఒకతె వచ్చింది, ఆ పేరుతో. దేశంలో తల్లులందరికీ ఒక్కసారే ఎక్కింది. నీ చిన్నప్పుడు బ్లాక్‌పూల్ వెళ్ళే ఆదివారం రైలుకి ఒక తల్లి "హేలీ! ఇలా రా!" అని కేకేస్తే ప్లాట్‌ఫారం మీద నలుగురు పిల్లలు తల తిప్పడం నేను కేబిన్ మెట్ల మీంచి చూశాను. అందులో నువ్వు లేవు. నువ్వు పిలిస్తే పలికే రకం కావు. ఇప్పుడు మన వీధిలో పుట్టిన పిల్లల్లో ఆ పేరు ఒక్కదానికీ లేదు. అందరూ అమ్మమ్మల కాలం పేర్లు మళ్ళీ బయటికి తీస్తున్నారు. కంగారు పడకు, నీ మనవరాళ్ళ నాటికి నీదీ తీస్తారు.

మీ అమ్మ మాత్రం ఆ రద్దీ రాకముందే ఆ పేరు పట్టుకుంది. 1970 మార్చిలో. నువ్వు పుట్టింది డెబ్భై రెండులో. నాకు సంవత్సరాలు తప్పలేదు, తల్లీ. నీ మూడో ప్రశ్న అదే. పోయిన నెల ఫోన్లో అమ్మ నీతో, "మొదటి హేలీని ఎక్కడ పెట్టాడో మీ నాన్నని అడుగు" అందనీ, మందుల మత్తులో అందేమోననీ రాశావు. మత్తు కాదు.

నీకో అక్క ఉండేది. ఉండేది అనడం కూడా ఎక్కువే. నెలలు నిండి, పురిట్లో ఊపిరి తియ్యకుండానే వచ్చింది. మార్చి పంతొమ్మిది. మీ అమ్మకి మత్తుమందు ఇచ్చి ఉంచారు, మాట ముద్దగా వస్తోంది. "విల్ఫ్, ఒక్కసారి చూడనివ్వమను" అంది. వార్డు సిస్టర్ నన్ను పక్కకి లాగి, "చూస్తే ఆ మొహం మనసులో ఉండిపోతుంది. ఇంటికెళ్ళవయ్యా. మిగతాది మేం చూసుకుంటాం. ఏడాది తిరక్కుండా ఇంకొకరు పుడతారు" అంది. అప్పట్లో అందరికీ అలాగే చెప్పేవాళ్ళు. నేను సిగ్నల్ మనిషిని, పైనుంచి గంట మోగితే మీట లాగడమే నాకు తెలిసిన పని. "వాళ్ళకి తెలుస్తుందిలే, నోరీన్" అన్నాను. కాగితం మీద సంతకం పెట్టాను. రిజిస్ట్రారు ఇచ్చిన పత్రంలో పుట్టిన ఊరు, తేదీ, ఆడా మగా, ఇవి రాయడానికి చోటుంది. పేరు రాయడానికి లేదు. "పేరండీ?" అని నేనే అడిగాను. "ఊపిరి తియ్యనివాళ్ళకి పేరు రాయం" అన్నాడు. మర్యాదగానే అన్నాడు.

మూడు వారాల తర్వాత క్లిఫర్డ్ సగ్డెన్ కేబిన్ మెట్లెక్కి వచ్చాడు. ఊళ్ళో శవపేటికలు చేసి పాతిపెట్టే పని అతనిది. పేటికలకి వేసే ఇత్తడి పిడులు రైల్లో వచ్చేవి, వాటికోసం వచ్చి టీ తాగి పోతుండేవాడు. ఆ రోజు టోపీ తీసి చేతిలో పట్టుకున్నాడు.

"ఆసుపత్రివాళ్ళు చెప్పొద్దంటారు. నాకు కడుపులో ఆగడం లేదు విల్ఫ్. మీ పాప ఒంటరిగా పోలేదు. ఆ వారం పాతిపెట్టే ఆడమనిషి పేటికలో పెడతాం, మా నాన్న నాటి నుంచీ అదే పద్ధతి. ఆవిడ తాలూకు వాళ్ళకి కూడా చెప్పం. అందరూ కాళ్ళ దగ్గర పెడతారు. నేను చేతిలో పెట్టాను."

"ఎవరి చేతిలో?" అన్నాను.

"మిస్ లమ్."

నీకు మిస్ లమ్ తెలియదు. బడిలో కుట్టుపని టీచరు. మీ అమ్మది ఎడమచేతి వాటం కదా. ఆవిడ రెండేళ్ళపాటు ఆ ఎడమ చెయ్యి కుర్చీకి కట్టేసి కుట్లు నేర్పింది, వేళ్ళ కణుపుల మీద చెక్కస్కేలుతో కొడుతూ. పెళ్ళయిన కొత్తలో మీ అమ్మ నాతో, "చచ్చాక నన్ను ఎక్కడైనా పెట్టు, ఆ లమ్‌ని పాతిపెట్టే వరసలో మాత్రం పెట్టకు" అంది. అలాంటి మనిషి చేతిలో తన బిడ్డ ఉందని ఎలా చెప్పను? అప్పుడప్పుడే లేచి నాలుగు ముద్దలు తింటోంది. ఆ రాత్రి భోజనం దగ్గర, "ఎక్కడ పెట్టారో కనుక్కున్నావా?" అని అడిగింది. "వాళ్ళు చెప్పరు. నాకు తెలీదు" అన్నాను. తర్వాత చెబుదాం అనుకున్నాను. తర్వాత అనేది ముప్పై ఎనిమిదేళ్ళు పోయింది.

నువ్వు పుట్టినప్పుడు నేను మా అమ్మ పేరు, జోన్ అని పెడదామనుకున్నాను. మీ అమ్మ ఒప్పుకోలేదు. మన కొండమీది చాపెల్ దొడ్లో సమాధిరాళ్ళు చూడు, ఒక్కో రాయి మీద ముగ్గురు విలియమ్‌లు. ఒకడు పోతే ఆ పేరు తర్వాతివాడికి పెట్టడం మా ముత్తాతల నాటి అలవాటు. "అది నాకు నచ్చదు నోరీన్, చచ్చినవాళ్ళ చొక్కా తొడిగినట్టుంటుంది" అన్నాను. మీ అమ్మ, "ఆ పేరు ఎవరూ తొడుక్కోలేదయ్యా. ఏ కాగితం మీదా ఎక్కలేదు. దీనికి పెడితే ఒక్కచోటైనా సిరాతో ఉంటుంది" అంది. నేనే వెళ్ళి రాయించాను.

చాపెల్ దొడ్లోనే మిస్ లమ్ ఉంది. ఏటా మార్చి పంతొమ్మిదిన విత్తనం దుంపలు చూసొస్తానని చెప్పి కొండెక్కేవాణ్ణి. రాయి మీద ఉన్నది ఆవిడ పేరొక్కటే.

నీ ఉత్తరం వచ్చిన మర్నాడు మీ అమ్మకి చెప్పేశాను. "లమ్మా? ఆ చెక్కస్కేలు లమ్మా?" అంది. నవ్వుతోందనుకున్నాను, అది దగ్గు. నీళ్ళు తాగించాను. ఊపిరి కుదుటపడ్డాక అడిగింది.

"నువ్వెన్నిసార్లు వెళ్ళావు?"

"ఏటా."

"లమ్ సంగతి నేను ఓర్చుకునేదాన్ని విల్ఫ్. బడి వదిలాక ఆవిణ్ణి ఎన్నిసార్లు తలుచుకున్నానని? నువ్వు ఒక్కడివే పోయొచ్చావు. ముప్పై ఎనిమిదిసార్లు. దుంపలని చెప్పి."

లమ్మే కారణమనుకుని ఇన్నేళ్ళు మోసింది కారణమే కాదు.

గురువారం టాక్సీ మాట్లాడి కొండమీదికి తీసుకెళ్ళాను. నర్సు వద్దంది, మీ అమ్మ వెళ్తానంది. చాపెల్ గేటు సన్నం, లోపల రాతిమెట్లు. చక్రాల కుర్చీ దూరలేదు. నేనూ డ్రైవరూ చెరోవైపు పట్టి ఎత్తబోతే ఆవిడకి ఊపిరి ఆడలేదు. మళ్ళీ టాక్సీలో కూర్చోబెట్టాం. అక్కడికి సమాధి ఇరవై గజాలు. మధ్యలో గోడ.

"పోనీ రేపు నలుగురు మనుషుల్ని పెట్టి తీసుకొస్తాను, నోరీన్."

"నువ్వెళ్ళిరా. నీకు అలవాటేగా" అంది.

వెళ్ళాను. ఎంతసేపున్నానో తెలియదు. తిరిగొచ్చేసరికి కళ్ళు మూసుకుని ఉంది. దారంతా మాట్లాడలేదు. శుక్రవారమూ మాట్లాడలేదు. నర్సులతో మాట్లాడుతోంది, టీ సంగతి, దిండు సంగతి.

నువ్వు రాగలిగితే త్వరగా రా, తల్లీ. నాకోసం మాట్లాడమని కాదు. నీతో ఆవిడకి మాటలున్నాయి. నా మీద కోపమొస్తే ఫోన్ చెయ్యకు, రాయి. కాగితం మీదైతే చదవగలను.

నిన్న రెండింటికి నర్సింగ్ హోమ్‌కి వెళ్ళాను. ఆవిడ మంచం పక్కన నేను రోజూ కూర్చునే కుర్చీ గది బయట నడవాలో ఉంది. ఎవరు పెట్టారని అడిగాను. ఆవిడే పెట్టమన్నదని నర్సు చెప్పింది. అందులోనే కూర్చున్నాను. నాలుగున్నర బస్సుకి ఇంటికి వచ్చాను.

ఇట్లు,
మీ ఇద్దరి నాన్న
విల్ఫ్రెడ్