తువ్వాల కింద బేరం

ఖాసిం భాయ్,

నువ్వు చదవవని తెలిసే రాస్తున్న. నువ్వు పోయి ఏడాదైందని ఇయ్యాల మీ ఇంట్ల ఫాతెహా చదివిండ్రు. అన్నాలైనంక పిల్లలు టీవీ పెట్టిండ్రు. అదొక హత్యల సీరియల్, అంతా ఏడుపే. అండ్ల ఎడ్ల దళారి ఒకడు వచ్చిండు. పోలీసాయన వాని చెయ్యి పట్టుకోంగనే, వాడు అలవాటుకొద్ది తువ్వాల కప్పి, ధర పక్కోళ్లకు తెల్వకుండ ఆయన వేళ్లు నొక్కుకుంట బేరం మొదలుపెట్టిండు. అచ్చం పెబ్బేరు సంతల నీ లెక్కనే! మీ బిడ్డ పెండ్లిల వంటాయనతోని గూడ గట్లనే చేస్తివి గద!

పకపక నవ్విన. తలెత్తితే ఎదురుంగ భాభీ. సిగ్గుతోని సచ్చిపోయిన.

"టీవీ బంజెయ్యి బేటా," అన్న.

"ఉండనియ్యన్నా," అన్నది భాభీ. "వాని బేరం ఇంకా తెగలే."

ఆమె ఆఖరుదాక చూసింది. నేను మాత్రం మళ్ల తలెత్తలే.