మూడు ఎపిసోడ్ల మనిషి

2025 మార్చి 4, మంగళవారం. బాతెల్, అమెరికా.

ఈ మనిషి ఒక్కడంటే నేను నమ్మను. లోటార్ బ్రెంకె, జర్మన్ నటుడు, ఎనభై రెండేళ్ళు, నూట ముప్ఫై ఒక్క పాత్రలు. ఒక సినిమాలో పాస్టర్, ఇంకోదాంట్లో హంతకుడు, పిల్లల సీరియల్లో ఎలుగుబంటి, టీవీలో తొమ్మిదేళ్ళు డిటెక్టివ్. గొంతు వేరు, నడక వేరు, చివరికి మెడ కూడా వేరు. మా స్ట్రీమింగ్ కంపెనీలో నా పని ఇదే: ఒకే నటుడికి రెండు పేజీలుంటే కలపడం, ఇద్దరు ఒకే పేజీలో ఇరుక్కుంటే విడదీయడం. ఇక్కడ కనీసం ముగ్గురున్నారు.

మార్చి 5

నాది అనుమానం జబ్బని అనురాధ తీర్మానించింది. పెళ్ళయిన పద్నాలుగేళ్ళకి ఇప్పుడు చెబుతోంది! మా టీమ్‌లోనే ఇద్దరు కోటేశ్వరరావులం. ఆయన పెట్టిన లీవ్ నా పేరున అప్రూవ్ అయి, నేను డెస్క్ దగ్గరే ఉండగా వెకేషన్‌లో ఉన్నట్టు అందరికీ ఆటోరిప్లైలు వెళ్ళాయి. అనుమానించక ఏం చేయను?

మార్చి 9, ఆదివారం

వాన. పొద్దుటినుంచి బ్రెంకెనే చూశాను. ఓడిపోయాను. పాస్టర్ బైబిల్ పేజీలు ఎడమచేత్తో తిప్పుతాడు. హంతకుడి కత్తి ఎడమచేతిలోనే. ఎలుగుబంటి తేనె నాకింది కూడా ఎడమ పంజాతోనే. మనిషి మొత్తాన్ని మార్చుకున్నాడు, ఆ చెయ్యొక్కటి మార్చుకోలేదు. ఒక్కడే! సిగ్గేసింది. దండం పెట్టాలనిపించింది.

కాఫీ పెట్టుకుని డిటెక్టివ్ సీరియల్ వేశాను. 1986. మూడు ఎపిసోడ్లలో అదే కోటు, అదే టోపీ, అదే గొంతు. ముఖం మాత్రం సగం నీడలోనే. అగ్గిపుల్ల కుడిచేత్తో గీశాడు. వెనక్కి తిప్పి ఆరుసార్లు చూశాను. కుడిచెయ్యే.

మార్చి 10

ఆ మూడింటినీ విడదీసి కొత్త పేజీ పెట్టాను. నటుడు తెలియదు అని రాశాను.

మార్చి 12, బుధవారం

మేనేజర్ నమ్రత పిలిచింది. స్టూడియో రికార్డులో ఒక్క పేరే ఉందట, చేతులు చూసి మనుషుల్ని విడదీయకూడదట, వెంటనే కలిపేయమంది. నా కాంట్రాక్ట్ ఎక్స్‌టెన్షన్ ఈ నెలాఖరుకే కదా అని గుర్తుచేసి నవ్వింది. ఆ నవ్వెందుకు? ఉద్యోగం పోతే హెచ్‌వన్‌బీ వీసా మీద ఈ దేశంలో మిగిలేది అరవై రోజులు.

కలిపేశాను.

మార్చి 18

మా సైట్‌లో తప్పులు చెప్పే కరెక్షన్ ఫామ్‌లో మెసేజ్. పంపినవాడి పేరు లోటార్ బ్రెంకె! తన పేజీ రెండు రోజులు విడిపోయి ఉండటం మనవరాలు చూపించిందట. విడదీసింది ఎవరు, మళ్ళీ ఎందుకు కలిపారు అని అడిగాడు. ఆ పేరుతో ఎవడైనా రాయొచ్చు. నమ్రతే నన్ను పరీక్షిస్తోందేమో. ఏం చూసి విడదీశానో చెప్పమని ఒక్క లైన్ రాసి పంపాను.

మార్చి 19, ఉదయం 6:10

అగ్గిపుల్ల అంటూ మొదలుపెట్టాడు.

ఆయనే. ఆ చలికాలం తాగుడు మాన్పించే ఆస్పత్రిలో ఉన్నాడట. బయటికి పొక్కితే సీరియల్ పోతుంది. డైరెక్టర్ ఎవరికీ చెప్పకుండా తమ్ముడు ఎర్విన్‌కి కోటు తొడిగాడు. ఎర్విన్ ట్రామ్ డిపోలో మెకానిక్. గొంతు తర్వాత ఈయన డబ్ చేశాడు. ఆ ఏడాది బెస్ట్ యాక్టర్ అవార్డు ఆ మూడు ఎపిసోడ్లకే వచ్చింది. ఈయనే వెళ్ళి తీసుకున్నాడు. తమ్ముడు వెనక వరసలో కూర్చుని చప్పట్లు కొట్టాడట.

ఎర్విన్ రెండేళ్ళ కింద పోయాడు. తను కూడా పోయేలోపు వాడి పేరు వాడికి రాయమన్నాడు ముసలాయన.

ఏడుపొచ్చింది. అనురాధ చూసింది. చూడనీ.

మార్చి 20

నమ్రతకి మొత్తం చెప్పాను. ఈసారి నవ్వలేదు. పాపం అంది, కానీ స్టూడియో లెటర్ లేనిదే కుదరదంది. ఆ స్టూడియో మూతపడి ఇరవయ్యేళ్ళు. మళ్ళీ ముట్టుకుంటే ఎక్స్‌టెన్షన్ మర్చిపొమ్మంది.

మార్చి 21

విడదీశాను. నేనే చేశానని నమ్రతకి మెయిల్ కూడా పెట్టాను.

నటుడు: ఎర్విన్ బ్రెంకె.

పాత్ర అన్నచోట డిటెక్టివ్ అని టైప్ చేసి, చెరిపేశాను. లోటార్ బ్రెంకె అని రాశాను.