సత్రం ముసలామె మాట

జూన్ 4
కోడలు మళ్లీ ఆ గేమ్ తెరిచింది. మావాడు పోయాక ఇన్నాళ్లూ దాని జోలికి పోలేదు. అరచేతిలో పట్టే జపాను ఆట డబ్బా అది. లోపల ఊళ్లు, అడవులు, దయ్యాలు, కత్తి పట్టుకుని తిరిగే ఒక పిల్ల. అందులోని మాటలన్నీ ఇద్దరూ కలిసి తెలుగులోకి మారుస్తుండేవాళ్లు. కోడలికి జపాను భాష వచ్చు. మన అక్షరాలు ఆ బుల్లి తెరలో పట్టేలా చేయడం వాడి పని. డబ్బులెవరిస్తార్రా అంటే, ఎవరూ ఇవ్వరమ్మా, మాలాంటి పిచ్చోళ్లు ఆడుకుంటారు అనేవాడు.
పోనీలే, పిల్ల ముఖంలో కాస్త కళ వచ్చిందనుకున్నాను.

జూన్ 5
కళ కాదు. వేరే ఊళ్లో ఉద్యోగం వచ్చిందట. ఇది పూర్తి చేశాకే వెళ్తాను అత్తయ్యా, ఆయన మొదలుపెట్టింది సగంలో వదల్లేను అంది. మంచిదమ్మా అన్నాను. తలుపు గడియ పెట్టానో లేదోనని ఊరికే లేచి చూస్తున్నాను.

జూన్ 11
కరెంటు పోతే బాగుండు, ఆ పని ఆగుతుంది అనిపించింది. ఛీ, పాపిష్టి బుద్ధి.

జూన్ 19, మధ్యాహ్నం
ఆ గేమ్‌లో సత్రం నడిపే ముసలామె ఒకతె ఉంది. ఆమె మాటలు చదివి వినిపించింది కోడలు. తడి తలతో పడుకోకు. తిని వెళ్లు, ఆకాశమేం ఊడిపడదు. దారిలో ఎవరేమిచ్చినా తీసుకోకు. అన్నీ నా సణుగుడే! వాడు నాకు తెలియకుండా ఎప్పుడో ఎక్కించేశాడట. దొంగవెధవ.
ఇక ఒక్క మాటే మిగిలిందట. ఆ పిల్ల ఆఖరి యుద్ధానికి బయల్దేరుతుంటే గుమ్మంలో ముసలామె ఏమంటుందో. జపానులో ఉన్నది మనకు అతకడం లేదట. రెండు వరుసల్లో పట్టాలట. మీరైతే ఏమంటారు అత్తయ్యా అంది.
తలనొప్పిగా ఉంది, రేపు చెప్తా అన్నాను.

జూన్ 23
రేపు చెప్తా అన్నాను.

జూన్ 28
మోకాళ్ల నొప్పి అన్నాను. మీ రోగాలన్నీ అయిపోతున్నాయి, ఇంక పంటినొప్పే మిగిలింది అంది. నాకు పళ్లెక్కడివే అన్నాను. ఇద్దరం నవ్వుకున్నాం. తర్వాత గిన్నెలు కడుగుతూ కడుగుతూ నీళ్లు అలా వదిలేసి నిలబడిపోయింది. ఉద్యోగంవాళ్లు మళ్లీ ఫోన్ చేశారట, ఇక ఆగరట. రానని చెప్పేయనా అత్తయ్యా అంది.
చెప్పెయ్యి అని నోటిదాకా వచ్చింది. పిల్ల మెడ వైపు చూశాను. ఎంత చిక్కిపోయింది! ఈ ఇంట్లో తనకేముంది? వాడి కుర్చీ, వాడి చెప్పులు, నేను.
చేతులు తుడుచుకుని రాసుకోవే అన్నాను. వెళ్లిరా తల్లీ. నేను గడియ పెట్టనులే.
రెండు వరుసల్లో పట్టింది.

జూలై 6
వెళ్లింది. ఆట డబ్బా నాకిచ్చి, ఏ బటన్ దేనికో చూపించింది. దిగగానే ఫోన్ చెయ్యమన్నాను. చేసింది. అయినా నిద్ర పట్టడం లేదు.

జూలై 15
కత్తి పిల్లను మెల్లగా సత్రం దాకా నడిపించాను. ముసలామె ఆ మాటే అంది.
లేచి చూశాను. గడియ పెట్టే ఉంది. తీశాను.